షెల్డన్ లియోనార్డ్: రౌడీ వేషాల నుంచి నిర్మాత కుర్చీ దాకా

పాతరీళ్లు:

‘ద బిగ్ బ్యాంగ్ థియరీ’ చూసినవారికి షెల్డన్, లియోనార్డ్ అనే పేర్లను కొత్తగా పరిచయం చేయనక్కరలేదు. ఆ రెంటినీ పక్కపక్కన పెడితే ఒకే మనిషి పేరు వస్తుందనీ, 2007లో ఆ ధారావాహికను మొదలుపెట్టిన చక్ లోరీ, బిల్ ప్రాడీ ఆయన మీది గౌరవంతోనే తమ పాత్రలకు ఆ పేర్లు పెట్టారనీ తెలిసినవారు మాత్రం తక్కువ. ఆయన గురించి ఇక్కడ ఇంతవరకు ఎవరూ రాసినట్టు లేదు కనుక నేను మొదలుపెడుతున్నాను.

షెల్డన్ లియోనార్డ్ 1907లో న్యూయార్క్‌లో పుట్టారు. సిరక్యూస్ విశ్వవిద్యాలయం నుంచి 1929లో పట్టా పుచ్చుకున్నారు. వాల్ స్ట్రీట్ కుప్పకూలిన సంవత్సరమే పట్టా చేతికి రావడం ఎవరి జాతకంలోనైనా శుభయోగం కాదు. నాటకాల వైపు మళ్లి, 1930ల చివరలో బ్రాడ్‌వే రంగస్థలం మీద నిలదొక్కుకుని, అక్కడి నుంచి హాలీవుడ్ చేరారు. బరువైన కనురెప్పలు, న్యూయార్క్ వీధుల యాస, పెదవి కొస నుంచి మాట జారవిడిచే తీరు చూసి సినిమావాళ్లు ఆయనకు ఇచ్చిన వేషం ఒక్కటే: ముఠా మనిషి. ముఠా నాయకుడు కాకపోతే అతని కుడి భుజం, అదీ కాకపోతే బార్ నడిపేవాడు.

మీలో చాలామంది ‘ఇట్స్ ఎ వండర్‌ఫుల్ లైఫ్’ (1946) చూసే ఉంటారు. అందులో నిక్ అనే బార్‌మన్ ఆయనే. కథలో మొదటి నిక్ మార్టినీ గారి బార్‌లో పనిచేసే మంచివాడు. కథానాయకుడి మీద ఎవరో చెయ్యి చేసుకుంటే ఆ మనిషిని బయటికి గెంటేవాడు. నాయకుడు అసలు పుట్టనే లేని లోకంలో అదే నిక్ ఆ బార్‌కు యజమాని. ఇప్పుడు నాయకుడినే బయటికి గెంటిస్తాడు. గంట మోగితే ఒక దేవదూతకు రెక్కలు వస్తాయన్న మాట విని, గల్లాపెట్టె మీట నొక్కి నొక్కి గంట మోగిస్తూ వెక్కిరిస్తాడు. తెర మీద ఉండేది కొద్ది నిమిషాలే. అయినా ఒకే ముఖంతో, ఒకే బార్ వెనుక నిలబడి రెండు వేర్వేరు లోకాలను నమ్మించాడు. నాయకుడు ఎంత నష్టపోయాడో మనకు తెలిసేది తన ముఖం చూసి కాదు, నిక్ ముఖం చూసి.

1950లలో టెలివిజన్‌కు మళ్లిన ఈ మనిషి దర్శకుడై, నిర్మాతై, ‘ది ఆండీ గ్రిఫిత్ షో’, ‘ది డిక్ వాన్ డైక్ షో’, ‘ఐ స్పై’ వంటి వాటిని అమెరికాకు అందించారు. నా అభిప్రాయం ఏమిటంటే, ఆయన గొప్ప నిర్మాత కావడానికి కారణం ఆయన ఎన్నడూ కథానాయకుడు కాకపోవడమే. ఎదుటివారి సన్నివేశాన్ని నిలబెట్టడమే ఇరవై ఏళ్లు ఆయన వృత్తి. నిర్మాత పని కూడా అదే కదా. మీరేమంటారు?

మూడోవరుస:

పాతరీళ్లు గారి టపా బాగుంది గానీ, ఆ చివరి వాక్యం దగ్గర నేను ఆగిపోయాను. సహాయ పాత్రలు వేసినవారు హాలీవుడ్‌లో వందలమంది ఉన్నారు. వారంతా నిర్మాతలు కాలేదు, అయినవారంతా నెగ్గలేదు. కనుక కారణం మరోచోట వెతకాలి.

ఆయన సినిమా నుంచి నేరుగా నిర్మాత కుర్చీలోకి దూకలేదు. నడుమ రేడియో ఉంది. నటించడమే కాక రేడియోకు నాటికలు కూడా రాశారు. అరగంటలో కథను ముగించడం, స్పాన్సర్ ప్రకటనకు ముందు ఆసక్తిని నిలిపి ఉంచడం, ముఖం కనిపించకుండా గొంతుతోనే పాత్రను నిలబెట్టడం అక్కడ పట్టుబడతాయి. తరువాత 1953లో మొదలైన హాస్యనటుడు డానీ థామస్ ధారావాహిక ‘మేక్ రూమ్ ఫర్ డాడీ’కి దర్శకుడిగా చేరి ఏళ్ల తరబడి వారం వారం ఎపిసోడ్లు తీశారు. దర్శకత్వానికి 1957లో ఒకసారి, 1961లో మరోసారి ఎమ్మీ (అమెరికా టెలివిజన్ పురస్కారం) అందుకున్నారు. ఆ ధారావాహికకు నిర్మాత అయింది దర్శకుడిగా కుదురుకున్న తరువాతే. నిర్మాతను తయారుచేసింది రౌడీ వేషం కాదు, వారానికో కథ తెమల్చవలసిన ఆ చాకిరీ. పైగా డానీ థామస్ వంటి భాగస్వామి దొరకడం కూడా చిన్న విషయమేమీ కాదు. డబ్బు, పేరు, పరపతి ఆయనవే.

తెరచాటు:

రేడియో ప్రస్తావన వచ్చింది కనుక ఒక్క ముక్క. జాక్ బెన్నీ హాస్య కార్యక్రమంలో లియోనార్డ్ వేసినది గుర్రప్పందాల దగ్గర చెవిలో గుసగుసగా సలహాలు ఊదే మనిషి వేషం. బెన్నీ ఏదైనా కొనబోతుంటే ఈయన పక్కకు చేరి, రమ్మని పిలిచి, ఆ వస్తువు వద్దు, ఈ వస్తువు పట్టు అని గుర్రాలకు చెప్పినట్టే వంశం, పరుగు, గతచరిత్ర ఏకరువు పెట్టేవాడు. తమాషా ఏమిటంటే, నిజంగా గుర్రాల గురించి అడిగితే మాత్రం వాటి సంగతి ఎవరికి తెలుసు అని తప్పుకునేవాడు. సినిమాలో జనాన్ని భయపెట్టిన గొంతే ఇక్కడ నవ్వించింది. తన మీద పడిన ముద్రను తానే ఎగతాళి చేసుకోవడం ఆయనకు అప్పటికే తెలుసునన్నమాట.

పాతరీళ్లు:

మూడోవరుస గారు చెప్పిన సవరణ న్యాయమైనదే. దర్శకత్వపు ఏళ్లను నేను ఒక్క మాటలో దాటవేశాను. అయితే నిర్మాతగా ఆయన వేసిన మొదటి పెద్ద ఎత్తును చూడండి.

ఆండీ గ్రిఫిత్ అప్పటికి రంగస్థలం మీదా సినిమాలోనూ పేరున్న నటుడు, దక్షిణాది పల్లె యాస ఉన్నవాడు. అతనితో కొత్త ధారావాహిక తీయాలంటే విడిగా ఒక పైలట్ ఎపిసోడ్, అంటే నమూనా ఎపిసోడ్, తీసి, దాన్ని చంకన పెట్టుకుని స్పాన్సర్ల గుమ్మాలు తొక్కాలి. ఎవరూ కొనకపోతే ఆ ఖర్చు బూడిదలో పోసిన పన్నీరే. లియోనార్డ్ ఆ పైలట్‌ను డానీ థామస్ ధారావాహికలోనే ఒక ఎపిసోడ్‌గా తీశారు. కారులో వస్తున్న డానీ, మేబెర్రీ అనే చిన్న ఊరిలో ఆగవలసిన చోట ఆగలేదని షెరీఫ్ పట్టుకుంటాడు. తీరా చూస్తే షెరీఫూ ఆయనే, న్యాయమూర్తీ ఆయనే, పత్రిక సంపాదకుడూ ఆయనే. 1960 ఫిబ్రవరిలో ప్రసారమైన ఆ ఎపిసోడ్‌ను డానీ థామస్‌కు స్పాన్సర్ అయిన జనరల్ ఫుడ్స్ కంపెనీయే ఆమోదించి కొత్త ధారావాహికను కూడా తీసుకుంది. అదే ఏడాది అక్టోబరులో ‘ది ఆండీ గ్రిఫిత్ షో’ మొదలైంది. దొడ్డిదారి పైలట్ అనే ఈ పద్ధతిని ఆ తరువాత ఎందరో పాటించారు.

ఇప్పుడు నా వాదన వినండి. ఆ ఎపిసోడ్‌లో డానీ థామస్ ఏమి చేస్తున్నాడు? తన పేరుతో నడిచే కార్యక్రమంలో తానే సహాయ పాత్ర వేసి, కొత్తవాడిని నిలబెడుతున్నాడు. ఒక పెద్ద తారను అలా పక్కకు జరిగి నిలబడేలా ఒప్పించడం, జీవితమంతా పక్కన నిలబడిన మనిషికే సాధ్యమైంది.

పల్లె కథలో కూడా అదే జరిగింది. పైలట్ చూసిన డాన్ నాట్స్ అనే నటుడు, ఆ షెరీఫ్‌కు ఒక డిప్యూటీ ఉండాలి కదా అని గ్రిఫిత్‌కు ఫోన్ చేశాడు. బార్నీ ఫైఫ్ పాత్ర అలా పుట్టింది. నవ్వించే పని మొదట షెరీఫ్‌దే అనుకున్నారు; నాట్స్ వచ్చాక కొద్ది ఎపిసోడ్లలోనే గ్రిఫిత్ తాను గంభీరంగా నిలబడి నవ్వంతా అతనికి వదిలేశాడు. ఆ సహాయ పాత్రకు నాట్స్ అయిదు ఎమ్మీలు అందుకున్నాడు. ధారావాహిక 1968 దాకా 249 ఎపిసోడ్లు నడిచి, చివరి సీజన్‌లో దేశంలోనే మొదటి స్థానంలో ఉండగా ఆగింది.

మూడోవరుస:

డాన్ నాట్స్ ఫోన్ చేసినది గ్రిఫిత్‌కు, లియోనార్డ్‌కు కాదు. ఆ పాత్ర గొప్పతనాన్ని నిర్మాత ఖాతాలో వేయడం కాస్త తొందరపాటు. రోజువారీ నిర్మాణం చూసుకున్న ఆరన్ రూబెన్ పేరు కూడా ఇక్కడ చెప్పుకోవాలి. లియోనార్డ్ కార్యనిర్వాహక నిర్మాత.

సాయంకాలం:

మీ ఇద్దరి వాదానికి తీర్పు చెప్పగల ఉదాహరణ ‘ది డిక్ వాన్ డైక్ షో’ అని నా నమ్మకం. దీని కథ కొంచెం వివరంగా చెబుతాను.

కార్ల్ రైనర్ అనే హాస్య రచయిత, నటుడు, తన జీవితాన్నే ఆధారం చేసుకుని ‘హెడ్ ఆఫ్ ద ఫ్యామిలీ’ పేరుతో పదమూడు ఎపిసోడ్లు రాసుకున్నాడు. టెలివిజన్ హాస్య కార్యక్రమానికి రాసే ఒక రచయిత, అతని ఆఫీసు, అతని ఇల్లు, భార్య, కొడుకు. తానే నాయకుడిగా పైలట్ తీయించుకున్నాడు, ఎవరూ కొనలేదు. 1960లో అది ఒక్కసారి ప్రసారమై చాప చుట్టేసింది. రైనర్ ఆ కథను అటకెక్కించాడు. తన బతుకునే కథగా రాసుకుని, తానే నటించినా జనానికి పట్టలేదంటే ఇక చెప్పుకోవడానికి ఏముంటుంది?

లియోనార్డ్ ఆ స్క్రిప్టులు చదివి, రాతలో దోషం లేదు, దోషమంతా నటుల ఎంపికలో ఉందని తేల్చారు. ఇంకా సూటిగా చెప్పాలంటే, రైనర్ పాత్రకు రైనర్ పనికిరాడన్నారు. ఎదుట కూర్చున్న రచయితతో, నీవు నీలాగా నటించలేవు, నీ వేషానికి వేరొకరిని తెస్తాను అని చెప్పడం ఎంత కష్టమో ఊహించండి. జానీ కార్సన్ పేరు కూడా పరిశీలనకు వచ్చింది. చివరకు బ్రాడ్‌వేలో ‘బై బై బర్డీ’లో ఆడిపాడుతున్న డిక్ వాన్ డైక్‌ను లియోనార్డ్ వెళ్లి చూసి ఖాయం చేశారు. భార్య పాత్ర దగ్గర డానీ థామస్ జ్ఞాపకం పనికొచ్చింది. అంతకుముందు తన కూతురి పాత్రకు వచ్చి తిరిగి వెళ్లిన, మూడు పేర్లున్న అమ్మాయి ఒకామె ఉందని ఆయన గుర్తుచేసుకున్నారు. ఆమె మేరీ టైలర్ మూర్. కెన్నెడీ అధ్యక్షుడిగా ప్రమాణం చేసిన రోజున, 1961 జనవరి 20న, కొత్త పైలట్ చిత్రీకరణ జరిగింది.

రైనర్ ఏమయ్యాడు? నిర్మాతగా, రచయితగా ధారావాహికకు ప్రాణమై నిలిచాడు. తెర మీదకు అప్పుడప్పుడు అలన్ బ్రేడీ అనే కోపిష్ఠి తారగా వచ్చేవాడు. మొదట్లో ఆ పాత్ర ముఖం కూడా సరిగా చూపించేవారు కాదు. నాయకుడు కావాలనుకున్న మనిషిని సహాయ పాత్రలో కూర్చోబెట్టి, అక్కడే అతను ఎక్కువ వెలుగుతాడని రుజువు చేయడం పాతరీళ్లు గారి వాదనకే బలం అనుకుంటాను. అది కలిసి రావడం వల్ల జరిగింది కాదు, ఎవరి జాగా ఏదో పసిగట్టే కన్ను ఉండడం వల్ల జరిగింది.

ఇంకొక చిన్న సంగతి. ఆండీ గ్రిఫిత్ కథ ఒకే కెమెరాతో, ప్రేక్షకులు ఎదుట లేకుండా తీసేవారు. వాన్ డైక్ కథ మాత్రం స్టూడియోలో ప్రేక్షకులను కూర్చోబెట్టి, పలు కెమెరాలతో, నాటకంలా. ఒకే నిర్మాత, దాదాపు ఒకే కాలం, అయినా పద్ధతి వేరు. రెంటికీ సంగీతం మాత్రం ఎర్ల్ హేగన్‌దే. మేబెర్రీ ముఖగీతంలో మనకు వినిపించే ఈల స్వయంగా ఆయన వేసినదే.

మూడోవరుస:

సాయంకాలం గారూ, బాగా చెప్పారు. కానీ మీరు కథను పైలట్ దగ్గర ఆపేశారు. అసలు లియోనార్డ్ అక్కడి నుంచి మొదలవుతారు.

మొదటి సీజన్‌లో ఆ ధారావాహికకు ప్రేక్షకులు అంతంతమాత్రమే. 1962లో దాన్ని ప్రసారం చేస్తున్న సీబీఎస్ చానల్ ఆపేయడానికి నిర్ణయించుకుంది. లియోనార్డ్ సిన్సినాటీ వెళ్లి, సబ్బులు తయారుచేసే ప్రాక్టర్ అండ్ గాంబుల్ కంపెనీ పెద్దల ఎదుట కూర్చుని, సగం స్పాన్సర్‌షిప్పుకు ఒప్పించారు. సగం ఒప్పుకుంటే సరిపోదు. రెండో సగం కొనేవారు లేకపోతే మొదటి సగానికీ విలువ లేదు. వెంటనే లోరిలార్డ్ సిగరెట్ కంపెనీని పట్టుకుని ఆ మిగిలిన సగం కూడా అమ్మేశారు. ధారావాహిక బతికి, 1966 దాకా 158 ఎపిసోడ్లు నడిచి, మొత్తం పదిహేను ఎమ్మీలు గెలిచింది.

ఆ రోజుల్లో ఒక కార్యక్రమం ప్రాణం ప్రేక్షకుల చేతిలో కన్నా సబ్బుల కంపెనీ, సిగరెట్ల కంపెనీ చేతిలో ఎక్కువగా ఉండేది. అటువంటి గదిలోకి వెళ్లి బయటికి ఒప్పందంతో రావడానికి పక్కన నిలబడే వినయం పనికిరాదు. మొండితనం కావాలి, బేరం చేసే నాలుక కావాలి. అందుకే నేను మొదటి నుంచి చెబుతున్నాను: ఆయన నిర్మాత కావడానికి కారణం సహాయ పాత్రల ఒదుగుదల కాదు, అమ్మకం తెలిసిన తెగువ.

తెరచాటు:

జాక్ బెన్నీ చెవిలో ఊదిన ఆ గుర్రప్పందాల మనిషే సిన్సినాటీలో సబ్బులవాళ్ల చెవిలోనూ ఊదాడని అనుకుంటే మీ ఇద్దరి మాటా నిజమే అవుతుంది.

అక్షరమాల:

మీరంతా హాస్యం దగ్గరే ఉండిపోయారు. లియోనార్డ్ తన పరపతినంతా పణంగా పెట్టిన ధారావాహిక ‘ఐ స్పై’. ఎన్‌బీసీ చానల్‌లో 1965 నుంచి 1968 దాకా మూడు సీజన్లు, 82 ఎపిసోడ్లు.

ఇద్దరు అమెరికన్ గూఢచారులు. ఒకడు టెన్నిస్ ఆటగాడి ముసుగులో దేశాలు తిరిగే కెల్లీ రాబిన్సన్, అంటే రాబర్ట్ కల్ప్. రెండోవాడు అతని శిక్షకుడి ముసుగులో ఉండే అలెగ్జాండర్ స్కాట్. రోడ్స్ స్కాలర్ (ఆక్స్‌ఫర్డ్‌లో చదవడానికి పేరున్న ఉపకారవేతనం పొందినవాడు), అనేక భాషలు తెలిసినవాడు. రెండో పాత్రకు లియోనార్డ్ తెచ్చినది బిల్ కాస్బీని. అప్పటికి అతను వేదికల మీద ఒంటరిగా హాస్యం చెప్పే కుర్రవాడు, నటనానుభవం లేనట్టే లెక్క. అమెరికా టెలివిజన్‌లో వారం వారం వచ్చే గంట నిడివి కథలో నల్లజాతి నటుడు తెల్లజాతి నటుడితో సమానంగా నాయకుడు కావడం అదే మొదటిసారి. దక్షిణాదిలో కొన్ని స్టేషన్లు ప్రసారం చేయడానికి నిరాకరించాయి.

నాకు ఎక్కువగా నచ్చినది కథనంలో ఆయన పాటించిన మౌనం. జాతి గురించి ఉపన్యాసాలు లేవు. ఇద్దరూ స్నేహితులు, ఒకరినొకరు ఆటపట్టించుకుంటారు, ఒకరి కోసం మరొకరు దెబ్బలు తింటారు. ఎవరు నాయకుడు, ఎవరు సహాయకుడు అన్న ప్రశ్నే తలెత్తదు. ఉత్తమ నటుడి ఎమ్మీ వరుసగా మూడేళ్లు కాస్బీకే వచ్చింది. కల్ప్ కూడా ప్రతిసారీ అదే పోటీలో ఉన్నాడు.

రెండో సాహసం చిత్రీకరణ. స్టూడియో వెనుక స్థలంలో అట్టముక్కలతో హాంకాంగ్ కట్టే కాలంలో, ఈయన బృందాన్ని నిజంగానే హాంకాంగ్, జపాన్, మెక్సికో, గ్రీస్, స్పెయిన్, ఇటలీ, మొరాకో తిప్పారు. ఆ బృందంలో ఉన్న ఈజిప్టు దేశస్థుడు ఫువాద్ సయీద్, కెమెరాలు, దీపాలు, శబ్దపరికరాలు అన్నీ ఒకే వాహనంలో సర్దుకుని ఎక్కడికైనా వెళ్లిపోయే ‘సినీమొబైల్’ను రూపొందించాడు. ఆ వాహనానికి తరువాత అకాడమీ సాంకేతిక పురస్కారం దక్కింది, సినిమా పరిశ్రమే దాన్ని అద్దెకు తీసుకోవడం మొదలుపెట్టింది. టెలివిజన్ అవసరం నుంచి పుట్టిన పనిముట్టు సినిమాకు ఎదురు వెళ్లడం నాకు చాలా ముచ్చటగా తోస్తుంది.

తెరచాటు:

కాస్బీ పేరు ఇప్పుడు అంత తేలికగా తలచుకునే పేరు కాదు. 2018లో లైంగిక దాడి కేసులో శిక్ష పడింది. 2021లో పెన్సిల్వేనియా అత్యున్నత న్యాయస్థానం విచారణ ప్రక్రియలోని లోపం కారణంగా ఆ తీర్పును కొట్టివేసింది. 1965లో లియోనార్డ్ తీసుకున్న నిర్ణయం విలువ దీనివల్ల తగ్గదు గానీ, ఆ ఎపిసోడ్లను మునుపటి మనసుతో చూడడం కనీసం నాకు సాధ్యం కావడం లేదు.

సాయంకాలం:

తెరచాటు గారితో ఏకీభవిస్తున్నాను. అంతకు మించి ఇక్కడ చెప్పవలసినది లేదు.

విజయాలే రాసుకుంటూ పోతే అది సన్మానపత్రం అవుతుంది కనుక తరువాతి కాలం కూడా చూద్దాం. అమెరికన్ హాస్య రచయిత జేమ్స్ థర్బర్ రచనలు, బొమ్మల ఆధారంగా 1969లో ‘మై వరల్డ్ అండ్ వెల్‌కమ్ టు ఇట్’ తీశారు. బతికున్న మనుషుల మధ్యకు గీసిన బొమ్మలు నడిచివచ్చే ఆ హాస్యం ఆ కాలానికి చాలా కొత్త. ఉత్తమ హాస్య ధారావాహికగా ఎమ్మీ గెలిచింది, నటుడు విలియం విండమ్‌కూ ఎమ్మీ వచ్చింది, అయినా ఒక్క సీజన్‌తో ముగిసిపోయింది. ఈసారి సిన్సినాటీ ప్రయాణాలు ఏవీ దాన్ని బతికించలేదు. స్పాన్సర్‌ను ఒప్పిస్తే కార్యక్రమం నిలిచే రోజులు అప్పటికే పోతున్నాయి. ప్రకటనల సమయాన్ని చానళ్లే ముక్కలుగా అమ్ముకోసాగాయి. మూడోవరుస గారు మెచ్చుకున్న ఆ అమ్మకపు విద్యకు కొనేవాడే మారిపోయాడు.

1975లో ‘బిగ్ ఎడ్డీ’ అనే ధారావాహికలో ఆయనే నాయకుడిగా నటించారు. పూర్వం జూదమాడించిన మనిషి, ఇప్పుడు పెద్దమనిషిగా బతకాలని చూస్తుంటాడు. పది ఎపిసోడ్లు ప్రసారమయ్యాయో లేదో ఆగిపోయింది. ఎవరి జాగా ఏదో పసిగట్టే కన్ను అన్నాను కదా. తన విషయంలో ఆ ఒక్కసారి అది పనిచేయలేదు.

మూడోవరుస:

ఆ ‘బిగ్ ఎడ్డీ’ సంగతి నాకు తట్టలేదు. నాయకుడి వేషం ఆయనకు కలిసిరాలేదన్నది పాతరీళ్లు గారికి అనుకూలమైన సాక్ష్యమే, ఒప్పుకుంటున్నాను. అయితే సాక్ష్యం ఒక్కటే.

పాతరీళ్లు:

ఒక్కటి కాదు, ఇంకొకటి ఉంది; ఇది కోర్టులో నిలబడుతుందో లేదో మీరే చూడండి.

‘ది డిక్ వాన్ డైక్ షో’ను నిర్మించిన కంపెనీ పేరు కాల్వాడా. అదేదో స్పానిష్ మాటలా వినిపిస్తుంది గానీ, నలుగురు భాగస్వాముల పేర్ల ముక్కలు అతికించి చేసినది. కార్ల్ రైనర్ నుంచి ‘కా’, వాన్ డైక్ నుంచి ‘వా’, డానీ థామస్ నుంచి ‘డా’. స్పాన్సర్లను ఒప్పించి తెచ్చిన లియోనార్డ్ వాటా నడుమ ఇరుక్కున్న ‘ల్’. తక్కిన ముగ్గురికీ దీర్ఘాలతో సహా నిండు అక్షరాలు దక్కగా, మన లిపిలో రాస్తే ఆయనకు మిగిలింది ఒక పొల్లు.

1963లో అదే ధారావాహికలో ఒక ఎపిసోడ్‌కు ఆయన అతిథిగా వచ్చారు. వేషం మళ్లీ ముఠా నాయకుడే. ఆ పాత్ర పేరు బిగ్ మ్యాక్స్ కాల్వాడా.

మూడోవరుస:

ఆ పొల్లు తీసేస్తే ‘కావాడా’ అవుతుంది, కంపెనీ పేరులా కూడా ఉండదు. ఈ సాక్ష్యం చెల్లుతుంది. బిగ్ మ్యాక్స్ ఎపిసోడ్ ఈ రాత్రికే చూస్తాను.